ప్రాణం చిలుకలో, కాలం గట్టుమీద: బాలనాగమ్మ కథలో నాగళ్ళపూడి గట్టు

మాయల ఫకీరు ప్రాణం ఎక్కడ ఉందో తెలియని తెలుగువారు అరుదు. ఏడు సముద్రాల ఆవల, చెట్టు తొర్రలో, పంజరంలో, చిలుకలో. ఆ మాట కథను దాటి నుడికారమైంది. రాజకీయ వ్యాఖ్యల్లో, పత్రికా శీర్షికల్లో, ఇంటి తగాదాల్లో సైతం ఎవరి ప్రాణమో ఏదో ఒక చిలుకలో ఉంటూనే ఉంటుంది. అయితే ఆ ఫకీరు కాపురం ఎక్కడని అడిగితే జవాబు అంత తొందరగా రాదు. నాగళ్ళపూడి గట్టు అన్న పేరు పెద్దతరానికి గుర్తుంది. మా తరంలో చాలామందికి ఆ పేరు చెప్పాక మాత్రమే గుర్తొస్తుంది. ప్రాణమున్న చోటు భాషలో నిలిచి, చెర ఉన్న చోటు మరుగున పడడం యాదృచ్ఛికం కాదని నా అభిప్రాయం. మన విమర్శ కూడా చిలుక వెంటే వెళ్ళింది. గట్టును కథకు వెనుక వేలాడదీసిన తెరగానే చూసింది. ఆ తెరే కథ నడిచే నేల అని నిరూపించడం ఈ వ్యాస ప్రయత్నం.

కథ సంగతి సంగ్రహంగా చెప్పుకుందాం. నవభోజరాజు, భూలక్ష్మి దంపతులకు ఏడుగురు కూతుళ్ళు. చివరిది బాలనాగమ్మ. తల్లి పోయాక సవతితల్లి పోరు పడలేక రాజు పిల్లలను అడవిపాలు చేస్తాడు. ఏడుగురూ ఏడుగురు అన్నదమ్ములను పెళ్ళాడతారు. బాలనాగమ్మ భర్త కార్యవర్ధిరాజు. వారికి కొడుకు పుడతాడు. భర్త ఇంట లేని వేళ మాయావి భిక్ష నెపంతో వాకిట నిలిచి, ఆమెను కుక్కగా మార్చి నాగళ్ళపూడి గట్టుకు తీసుకుపోతాడు. విడిపించ వచ్చిన భర్త పరివారంతో సహా రాయి అవుతాడు. బాలనాగమ్మ తాను నోములో ఉన్నానని చెప్పి మాయావిని దూరంగా ఉంచుతుంది. గట్టుమీద వాడి ఉంపుడుకత్తె సంగు ఉంటుంది. పద్నాలుగేళ్ళకు కొడుకు బాలవర్ధిరాజు వచ్చి, తల్లి ద్వారా మాయావి ప్రాణరహస్యం తెలుసుకుని, చిలుకను పట్టి వాణ్ణి చంపుతాడు. రాళ్ళు మనుషులవుతాయి. ఇది బుర్రకథగా, జంగం కథగా, నాటకంగా, గుజిలీ ప్రతిగా, అవ్వలు చెప్పే కథగా తెలుగునేలంతటా తిరిగింది. 1942లో జెమినీ సంస్థకు సి. పుల్లయ్య దర్శకత్వంలో కాంచనమాల బాలనాగమ్మగా, గోవిందరాజుల సుబ్బారావు మాయల మరాఠీగా, పుష్పవల్లి సంగుగా సినిమా వచ్చింది. అదే ఏడాది శాంతా బాలనాగమ్మ పేరుతో మరొకటి, 1959లో ఎన్.టి. రామారావు, అంజలీదేవి నటించిన ఇంకొకటి వచ్చాయి.

గట్టు అనే మాట

పేరుతో మొదలుపెట్టాలి, ఎందుకంటే పేరు అందరికీ ఒకే స్థలాన్ని చూపించదు. కోస్తా తెలుగులో గట్టు అనగానే పొలం గట్టు, కాలువ గట్టు, చెరువు గట్టు మెదులుతాయి. అది నడిచే దారి, నీటికి హద్దు. తెలంగాణలో పొలానికి ఉండేది ఒడ్డు లేక ఒరం. చెరువుకు ఉండేది కట్ట. గట్టు అంటే రాతికొండ. మా ఉత్తర తెలంగాణలో గుట్ట అన్న మాటే ఎక్కువ వినబడినా, గట్టు అన్నప్పుడు కొండ తప్ప మరొకటి స్ఫురించదు. కరీంనగర్ వైపు గట్టుభూత్కూరు, నల్లగొండలో గట్టుప్పల్, గద్వాల ప్రాంతంలో ఏకంగా గట్టు అనే ఊరే ఉన్నాయి. నల్లగొండ దగ్గరి చెర్వుగట్టులో జడల రామలింగేశ్వరుడు ఉన్నది కొండమీదే. ఆ అర్థాన్ని ప్రాంతీయమని పక్కన పెట్టడానికీ వీల్లేదు. పార్వతిని గట్టురాచూలి అన్న ప్రబంధభాష ఆ మాటను కొండ అర్థంలోనే వాడింది. పద్యంలో నిలిచిన అర్థం ఒక ప్రాంతపు వాడుకలోనూ నిలిచింది.

ఇక నాగళ్ళపూడి. పూడి అన్న ఉత్తరపదం కూచిపూడి, గొల్లపూడిల వలె కోస్తా ఊళ్ళ సొత్తు. పూర్వపదంలో నాగళ్ళు వినిపిస్తాయి. చెవి కొంచెం పక్కకు వంచితే నాగులూ వినిపిస్తాయి, కథానాయిక పేరులో నాగు ఉండనే ఉంది. వ్యుత్పత్తి నిర్ణయించే సాహసం చేయను. వినికిడి గురించి మాత్రమే మాట్లాడుతున్నాను. కృష్ణా డెల్టా శ్రోతకు ఈ పేరులో నాగళ్ళు, ఊరు, గట్టు మూడూ సేద్యపు మాటలే. పరిచితమైన పల్లె పేరు వెనుక భయంకరమైన చోటు దాగి ఉండడం ఆ శ్రోత పొందే జలదరింపు. ఆసిఫాబాద్, కాగజ్‌నగర్ ప్రాంతపు శ్రోతకు ఆ పేరు చివరిమాట దగ్గరే బరువెక్కుతుంది. చుట్టూ టేకడవి, నడుమ నిటారైన బండ, మీదికి ఒకే దారి. ఒకే పేరు, రెండు దృశ్యాలు. కల్పితలోకాల స్థలాలను పటంమీద వెతికే పని మనవాళ్ళు అప్పుడప్పుడు చేస్తూనే ఉంటారు. ఫలానా కొండే నాగళ్ళపూడి గట్టు అని చూపే స్థానిక ఐతిహ్యాలకు వాటి విలువ వాటికుంది. సాహిత్య విమర్శకు మాత్రం, ఏ కొండ అన్నదానికన్నా ఎవరి చెవిలో ఏ కొండ అన్నది అడగదగిన ప్రశ్న.

నేను ఈ కథను మొదట విన్నది కాగజ్‌నగర్‌లో, మా బాపమ్మ నోట. కాగితం మిల్లు వచ్చాక కొత్తపేట కాగజ్‌నగర్ అయింది. మిల్లు వెంట నానా ప్రాంతాల వాళ్ళూ వచ్చారు. మా వాడకట్టులో తెలుగు రెండు మూడు యాసల్లో, ఉర్దూ, మరాఠీ ఒకదాని పక్కన ఒకటి వినిపించేవి. బాపమ్మ చెప్పే గట్టు ప్రాణహితకు ఆవల ఉండేది. “గట్టు మీదికి పోయేటోల్లు ఉంటరు గని దిగొచ్చేటోల్లు ఉండరు బిడ్డా” అనేది. ఎదురింటి కృష్ణాజిల్లా ముసలావిడ చెప్పిన కథలో గట్టు సముద్రం దగ్గర ఉండేది. ఇద్దరూ ఒకే వీధిలో ముప్ఫయ్యేళ్ళు బతికారు, కథను మాత్రం చెరో చోట నిలిపారు. రెండు కథనాల మీద సిద్ధాంతం కట్టలేమని తెలుసు. కాని ఈ వ్యాసం ఆలోచన అక్కడి నుంచే మొదలైందని దాచడం కూడా పరిశోధన నిజాయితీ అనిపించుకోదు.

పంచ్‌కిన్ గోపురం

ఈ కథకు లిఖితరూపంలో దొరికే దగ్గరి బంధువు ఇంగ్లీషులో ఉంది. 1868లో మేరీ ఫ్రియర్ ప్రచురించిన ఓల్డ్ దక్కన్ డేస్ సంపుటిలోని పంచ్‌కిన్ కథ అది. బొంబాయి గవర్నరు కూతురైన ఫ్రియర్‌కు ఆ కథలు చెప్పింది ఆమె ఆయా అన్నా లిబెరాటా డిసౌజా. ఆ కథానాయిక పేరు బాల్నా. ఏడుగురు అక్కచెల్లెళ్ళలో చివరిది, సవతితల్లి పెట్టే బాధలు, అడవి, ఏడుగురు రాకుమారులు, భిక్షకు వచ్చిన మాయావి, నల్ల కుక్కపిల్లగా మార్చడం, రాళ్ళైన మగవాళ్ళు, కొడుకు రాక, పచ్చని చిలుక, అన్నీ ఉన్నాయి. బాల్నాకూ బాలనాగమ్మకూ ఉన్న చుట్టరికం వేరుగా నిరూపించనక్కరలేదు. ఫ్రేజర్ తన గోల్డెన్ బౌ గ్రంథంలో దేహానికి వెలుపల దాచిన ప్రాణం గురించి చర్చిస్తూ పంచ్‌కిన్‌ను ఉదాహరించాడు. ఆ తర్వాత థాంప్సన్ మోటిఫ్ సూచికలో ఇది ఇ710గా, కథారూపాల వర్గీకరణలో 302గా స్థిరపడింది. అంటే అంతర్జాతీయ జానపద విజ్ఞానం కూడా చిలుకకే సంఖ్య ఇచ్చింది. చెరకు ఇచ్చిన సంఖ్యలు వేరేచోట, వేరే అధ్యాయంలో ఉన్నాయి. సూచిక పని ముక్కలు చేయడమే కనుక దాన్ని తప్పుపట్టలేం. కాని ముక్కలను చూసి కథ అనుకోవడం మన పొరపాటు.

రెండు కథలను పక్కపక్కన పెట్టినప్పుడు తేడా కొట్టొచ్చినట్టు కనిపించేది ఈ చెర దగ్గరే. పంచ్‌కిన్ బాల్నాను ఎత్తైన గోపురంలో పన్నెండేళ్ళు బంధిస్తాడు. పెళ్ళాడతావా అని అడుగుతూ ఉంటాడు, ఆమె కాదంటూ ఉంటుంది. అంతే. గోపురంలో కాలానికి ఆకారం లేదు. తెలుగు కథలో ఆ కాదనడం నోముగా మారింది. నోముకు నియమముంది, గడువుంది, ముగింపుంది. బాలనాగమ్మ కాదు అనదు, ఇప్పుడు కాదు అంటుంది. ఆ ఒక్క మార్పుతో గట్టుకు పంచాంగం వచ్చింది. మనిషిని కుక్కను చేయగలవాడు, సేనను బండలు చేయగలవాడు ఒక ఆడమనిషి పెట్టిన గడువును దాటలేకపోవడం ఏమిటని తర్కించే పాఠకులున్నారు. పతివ్రతా మహిమ అని సులభంగా జవాబు చెప్పేవారూ ఉన్నారు. ఆ జవాబు నాకు చాలదు. పాతివ్రత్య కథల్లో మహిమ కాల్చుతుంది, శపిస్తుంది, సూర్యుణ్ణి నిలుపుతుంది. ఇక్కడ బాలనాగమ్మ చేతిలో ఏ మహిమా లేదు. ఉన్నది మాట. నోము అబద్ధమని శ్రోతకు తెలుసు. ఆ అబద్ధానికి మాయావి కట్టుబడతాడు. ఎందుకంటే వాడికి కావలసింది ఆమె దేహం మాత్రమే అయితే మంత్రం చాలేది. వాడికి ఆమె ఒప్పుకోలు కావాలి. మంత్రంతో రాబట్టలేని వస్తువు కథాలోకంలో అదొక్కటే. గట్టు అంతా వాడి అధికారంలో ఉంది, ఆ ఒక్క చోటు మినహా.

ఎ.కె. రామానుజన్ స్త్రీకేంద్రక కథలను గురించి చెబుతూ, పురుషకేంద్రక కథలు పెళ్ళితో ముగిస్తే స్త్రీకేంద్రక కథల్లో పెళ్ళి తర్వాతే అసలు కథ మొదలవుతుందని గుర్తించారు. ఆ కొలతకు బాలనాగమ్మ సరిగ్గా సరిపోతుంది. నేను చేర్చదలచుకున్నది ఒకటే. పెళ్ళి తర్వాతి ఆ కథకు ఒక చోటు కావాలి. అత్తిల్లు ఆ చోటైతే కథ కుటుంబకథ అవుతుంది. గట్టు ఆ చోటు కావడం వల్ల ఇది అద్భుతకథ అయింది. అయినా గట్టుమీద జరిగేవి చాలావరకు ఇంటిపనులే. వంట, పూజ, పూలు, సవతిపోరు వంటి సంగు ఈర్ష్య. భయస్థలాన్ని మన కథకులు చివరకు కాపురంగానే ఊహించారు. వింటున్న ఆడవాళ్ళకు గట్టు ఎంత దూరమో అంత దగ్గర.

పూలు పోయే దారి

మాక్స్ ల్యూతి ఐరోపా జానపద కథను విశ్లేషిస్తూ, ఆ కథల్లో అలౌకిక లోకం వేరే అంతస్తులో ఉండదని, దూరదేశంలో ఉంటుందని అంటాడు. లోకాల మధ్య ఉండవలసిన అంతరం భౌగోళిక దూరంగా మారుతుందన్నది ఆయన సూత్రం. చిలుక ఉన్న ద్వీపానికి ఈ సూత్రం అక్షరాలా వర్తిస్తుంది. పంచ్‌కిన్ కథలో చిలుక లక్షల మైళ్ళ ఆవలి నిర్జనారణ్యంలో, తాటిచెట్ల వలయం నడుమ, ఒకదానిమీద ఒకటి పేర్చిన ఆరు నీళ్ళకుండల కింద ఉంటుంది. మనిషి పోలేని దూరం. అందుకే పక్షుల సాయం కావలసి వచ్చింది. పాము నోటి నుంచి గద్దపిల్లలను కాపాడినందుకు ఆ పక్షులు కుర్రవాణ్ణి మోసుకుపోతాయి.

గట్టు దగ్గర ల్యూతి సూత్రం పనిచేయదు. గట్టు దూరం కాదు. భర్త, సేన నడిచి వచ్చారు. కొడుకూ నడిచే వచ్చాడు. గట్టు కింద ఊరుంది, ఊళ్ళో పూలమ్మే ముసలమ్మ ఉంది, ఆమె నిత్యం పైకి పూలు పంపుతుంది. బాలవర్ధి ఆమె ఇంట దిగి, మనుమణ్ణని చెప్పుకుని, పూల వెంట తన జాడను తల్లికి చేరవేస్తాడు. పంచ్‌కిన్‌లో కూడా తోటమాలి ఇంటి నుంచే కబురు వెళుతుంది, కనుక ఈ అంశం పాతదే. అయితే దీని అర్థాన్ని మనం తగినంత పట్టించుకోలేదు. కత్తులతో వచ్చినవాళ్ళు గట్టు పాదాన రాళ్ళై పడి ఉన్నారు. గట్టు వాళ్ళను పసిగట్టింది. పూలబుట్టను పసిగట్టలేదు. ఎంత మాయాస్థలమైనా రోజూ దానికి పూలు కావాలి, ఉప్పు కావాలి, నీళ్ళు మోసేవాళ్ళు కావాలి. భయస్థలం తన భయంతో మగవాళ్ళను దూరం పెట్టింది. తన అవసరంతో పనివాళ్ళను దగ్గర పెట్టుకుంది. కథ ఆ సందులోంచి లోపలికి వెళ్ళింది. శత్రుదుర్గాన్ని ఇలా ఊహించడం దుర్గాల గురించి పుస్తకాల్లో చదివినవారు చేసే పని కాదు. దొరల గడీలకు పాలూ పూలూ పోసిన నేలలో ఆ ఊహ ఎలా ధ్వనించి ఉంటుందో చెప్పనక్కరలేదు.

రామాయణంతో పోలిక ఇక్కడ తప్పదు. భిక్షువేషం, అపహరణ, చెరలో దీక్ష, పద్నాలుగు అనే అంక, దూత ద్వారా ఆనవాలు, ఇవన్నీ శ్రోత మనసులో లంకను లేపుతాయి. కథకులు కూడా ఆ జ్ఞాపకాన్ని వాడుకున్నారు. కాని పోలిక తెగే చోటే ముఖ్యం. సీత కోసం భర్త వచ్చాడు, గెలిచాడు. బాలనాగమ్మ కోసం భర్త వచ్చాడు, రాయి అయ్యాడు. ఇక విడిపించేవాడు ఊయలలో ఉన్నాడు. అంటే నోము గడువు దేవుడి లెక్క కాదు, బిడ్డ ఎదిగే లెక్క. గట్టుమీద కాలం గడపడమంటే, తను చూడని ఇంట్లో తన బిడ్డ పెరిగేంత వరకు మాటతో అడ్డం నిలబడడం. ప్రాణరహస్యాన్ని రాబట్టేది కూడా ఆమే. కొడుకు వీరుడు నిజమే, కాని ఎక్కడికి పోవాలో చెప్పింది చెరలో ఉన్న మనిషి. చిలుకను మాత్రమే గుర్తుపెట్టుకున్న నుడికారం ఈ పద్నాలుగేళ్ళ పనిని మింగేసింది. బాలనాగమ్మను నిష్క్రియ నాయికగా చూపే వ్యాఖ్యానాలు కూడా ఇదే పని చేశాయి. నా ప్రధాన ఆక్షేపణ ఇదే.

ఆదిలాబాద్ ప్రాంతంలో ఈ కథను చదివేవారు మరో చెరను కూడా తలచుకోక తప్పదు. గోండుల పురాణగాథలో శంభు మహాదేవుడు గోండులను కొండగుహలో బంధించి గుహవాకిట బండ మూస్తే, పహండి కుపార్ లింగల్ వారిని విడిపిస్తాడు. నాగపురం ప్రాంతంలో హిస్లాప్ సేకరించగా 1866లో రిచర్డ్ టెంపుల్ ప్రచురించిన పాఠంలో ఆ విడుదలకు ముందు లింగల్‌కు ఒక పరీక్ష ఉంది. సముద్రతీరాన బిందో పక్షి పిల్లలను తేవాలి. వాటిని మింగవచ్చిన పామును లింగల్ చంపుతాడు, తల్లిపక్షి అతణ్ణి మోసుకువస్తుంది. పక్షిపిల్లలు, పాము, ఎగిరే తల్లి, చెర, విడుదల, ఈ వరుస పంచ్‌కిన్ కథనానికి ఎంత దగ్గరో వేరే చెప్పనక్కరలేదు. మార్లవాయిలో నివసించి హైమన్‌డార్ఫ్ రాసిన ది రాజ్ గోండ్స్ ఆఫ్ ఆదిలాబాద్, 1948, పరధానులు పాడే ఈ గాథా సంపదకు మన జిల్లా సాక్ష్యం. ఎవరు ఎవరి నుంచి తీసుకున్నారన్న విచారణకు నేను దిగను. పైగా గోండులకు అది వంశచరిత్ర, పూజావిధి. దాన్ని అద్భుతకథల పెట్టెలో వేయడం మర్యాద కాదు. పోలిక వల్ల తేలేది ఒక్కటే. అక్కడ చెరలో ఉన్నది ఒక జాతి, కనుక బండ తొలగగానే జాతి చరిత్ర మొదలవుతుంది. ఇక్కడ చెరలో ఉన్నది ఒక ఇల్లాలు. బండలన్నీ మనుషులయ్యాక ఆమె ఇంటికి పోతుంది, కథ ఆగిపోతుంది.

మరాఠీ, ఫకీరు

గట్టు యజమాని పేరు గురించి చెప్పకుండా దాటిపోవడం అనుకూలమే గాని సరికాదు. 1942 సినిమా అతణ్ణి మాయల మరాఠీ అంది. నానుడి మాయల ఫకీరు అంటుంది. మరాఠా దండయాత్రల జ్ఞాపకమని ఒక వివరణ చెప్పవచ్చు. ఉండవచ్చు, కాని ఒక పేరునుంచి చరిత్రను పిండడంలో ఉన్న ప్రమాదం మనకు తెలియనిది కాదు. కాగజ్‌నగర్‌లో మరాఠీ అంటే పక్కింటివాడు, వార్ధా నది దాటితే చుట్టరికం. ఫకీరు అంటే పీర్ల పండుగనాడు అందరి ఇళ్ళముందూ ఆగేవాడు, పిల్లలకు నెమలీకతో దిష్టి తీసేవాడు. ఈ నేలమీద ఆ రెండు మాటలూ పరాయివాణ్ణి సూచించవు. మరి ఇక్కడి శ్రోతలు వాటిని ఎలా విన్నారు?

దీనికి కథలోనే ఆధారముంది. పంచ్‌కిన్ పాఠం ప్రకారం వాకిట నిలిచినవాడు తాను ఫకీరునని చెప్పుకున్నాడు. కథకురాలు వెంటనే వాడు ఫకీరు కాడు, మాయావి అని స్పష్టం చేస్తుంది. అంటే ఫకీరుతనం వేషం. భిక్షువంటే ఊరికున్న గౌరవాన్ని దొంగిలించిన వేషం. రావణుడు సన్యాసి వేషం వేశాడని ఎవరూ సన్యాసులను రాక్షసులనరు. మన నానుడిలో మాత్రం వేషం పేరైపోయింది. ఇలా జరగడంలో తప్పు కథది కాదు, సంక్షేపానిది. మా బాపమ్మ “ఫకీరు ఏసం కట్టిండు” అనేది. ఏసం అన్న మాటను ఎప్పుడూ విడిచేది కాదు. ఆ ఒక్క మాట నిలుపుకున్న కథనానికీ, వదిలేసిన కథనానికీ మధ్య తేడాను పాఠాంతరంగా నమోదు చేయడం నేటి సంపాదకుల బాధ్యత. ఈ కాలంలో అది చిన్న విషయం కాదు.

పేరు ఏదైనా వాడి లక్షణం ఒకటే. ఉండేది ఒకచోట, ప్రాణం ఇంకొకచోట. గట్టుమీద ఎంత వెతికినా వాణ్ణి చంపగల వస్తువు దొరకదు. గట్టు అభేద్యం కావడానికి కారణం దాని గోడలు కావు, దాని ఆయువుపట్టు దానిలో లేకపోవడం. 2014లో మిల్లు మూతపడి 2018లో తిరిగి తెరుచుకునే దాకా మా ఊళ్ళో చాయ్ హోటళ్ళ దగ్గర చిలుక సామెత చాలాసార్లు విన్నాను. ఊరి ప్రాణం ఊళ్ళో లేదన్న అర్థంలో. కథలో అది మాయావి బలం, ఊరి విషయంలో అదే బలహీనత. సామెత ఒకటే, అటూ ఇటూ తిరిగింది. దీన్ని ఇంతకన్నా లాగితే వ్యాసం దారి తప్పుతుంది.

గట్టు వారసత్వం

ముద్రిత తెలుగు అద్భుతకథలో గట్టు ఏమైందన్నది చివరి విషయం. 1951 నాటి పాతాళభైరవిలో నేపాళ మాంత్రికుడు తోటరాముణ్ణి బలికోసం గుహకు తీసుకుపోతాడు. అక్కడ స్థలం ఒక పరీక్ష, ఒక బేరం. ఎవరు ఎవరిని బలిస్తే వారికి ప్రతిమ. పని కాగానే గుహ అక్కరలేదు. చందమామలో దాసరి సుబ్రహ్మణ్యం ధారావాహికలు ఇంకో మెట్టు. తోకచుక్కతో మొదలై భల్లూకమాంత్రికుడి దాకా ఉన్న పన్నెండింటిలో కంచుకోట, జ్వాలాద్వీపం, రాకాసిలోయ, పాతాళదుర్గం, శిథిలాలయం, యక్షపర్వతం, మాయాసరోవరం అనే ఏడింటికి పేరే స్థలం పేరు. మౌఖిక కథకు నాయిక పేరు, అచ్చుకథకు చోటు పేరు. ఈ మార్పును పురోగతిగా చూడవచ్చు. స్థలానికి గౌరవం దక్కిందని అనవచ్చు. నాకు మరోలా తోస్తుంది. ఆ స్థలాలన్నీ వెళ్ళవలసిన చోట్లు. నెలనెలా పాఠకుణ్ణి నడిపించే గమ్యాలు. ఇద్దరు యువకులు, ఒక మాంత్రికుడు, దారిలో వింతజంతువులు. చిత్రా బొమ్మలతో అవి ఒక తరం ఊహను నింపాయి, ఆ ఋణం చిన్నది కాదు. కాని ఉండవలసిన చోటుగా, రోజులు లెక్కబెట్టే చోటుగా భయస్థలం వాటిలో దాదాపు లేదు. కథ వీరుడి కాళ్ళవెంట నడిస్తే లోయలు, సరోవరాలు వస్తాయి. చెరపడ్డ మనిషి పక్కన కూర్చుంటే గట్టు వస్తుంది. మొదటి మార్గాన్ని మన బాలసాహిత్యం పుష్కలంగా పెంచింది, రెండోదాన్ని ఎవరూ అంతగా అందుకోలేదు. సినిమాలు అందుకోగలిగి ఉండేవి. అయితే తెరకు గట్టును చూపక తప్పదు, చూపగానే దానికి ఒకే రూపం వస్తుంది. పాడేవాడు పేరు మాత్రం చెప్పి వదిలేస్తాడు. పైన చెప్పిన కోస్తా గట్టు, తెలంగాణ గట్టు రెండూ ఆ వదిలేసిన జాగాలోనే బతికాయి.

బిరుదురాజు రామరాజు 1958లో ప్రచురించిన తెలుగు జానపద గేయ సాహిత్యము మొదలుకొని కథాగేయాల పరిశోధన మనకు గట్టి పునాది వేసింది. ఆ పునాదిమీద ఇక జరగవలసిన పని ప్రాంతాలవారీ పాఠాల సేకరణ. అందులో స్థలనామాలను కేవలం అనుబంధ పట్టికలోకి నెట్టకుండా, కథకులు వాటిని ఎక్కడ నిలిపారో, ఎంత దూరమన్నారో, ఏ నది ఆవలన్నారో అడిగి రాయాలి. సంగు సంగతి కూడా అలాంటిదే. మాయావి చచ్చాక రాళ్ళు మనుషులై గట్టు దిగిపోతాయి, బాలనాగమ్మ భర్తతో, కొడుకుతో వెళ్ళిపోతుంది. సంగు ఏమైందో కొన్ని కథనాలు చెబుతాయి, కొన్ని మరచిపోతాయి. ఆమె బాలనాగమ్మ కన్నా ముందు నుంచీ ఆ గట్టుమీద ఉన్న మనిషి. ఆమె వచ్చిన దారి ఏ పాఠంలోనైనా ఉందా, ఆమె కూడా ఒకనాడు భిక్ష వేయబోయి వచ్చిందా అన్నది నేను ఇప్పుడు వెతుకుతున్న విషయం. బాపమ్మను అడిగితే, పూలమ్మే ముసలమ్మే సంగును తన ఇంటికి తోలుకపోయిందని చెప్పింది. ఆ ముగింపు మరే పాఠంలోనూ నాకింకా కనబడలేదు.